తాడు పట్టిన తమ్ముడు

ఒక తల్లి కడుపున పుట్టినవారే అన్నదమ్ములని లోకం అంటుంది. సముద్రం దాటిన మన పెద్దలు మరొక వరుస కూడా కలిపారు. ఒప్పంద కూలీల ఓడలు 1834లో మారిషస్‌కు, 1860లో నేటాలుకు చేరాయి. కోరంగి, మద్రాసు రేవులలో మనవారు ఓడలెక్కారు. ఒకే ఓడలో వచ్చినవారు ఊరూ కులమూ చూడక “జహాజీ భాయి” అయ్యారు. ఆ వరుసను రక్తసంబంధంగా ఎంచి, వారి పిల్లల మధ్య పెండ్లి కూడదన్నవారూ ఉన్నారు.

ఇటువంటి బంధాన్నే బహ్రెయిన్ ఎరుగును. మనామా పక్కనున్న జిదాఫ్స్ ఇప్పుడు నగరంలో కలిసిన ఊరు. 1932లో చమురు పడకముందు ఆ దీవికి ముత్యాల వేటే ప్రధాన జీవనాధారం. చిప్పలకోసం మునిగేవాణ్ణి ఘైస్ అనీ, పడవమీద తాడు పట్టేవాణ్ణి సైబ్ అనీ పిలిచేవారు. అడుగునుంచి తాడు కదిలిన వెంటనే లాగకపోతే ప్రాణం దక్కదు. పడవ యజమానికి ఇద్దరూ అప్పుపడినవారే.

ఇప్పుడు కరీంనగరం, నిజామాబాదు, గోదావరి సీమలనుంచి మనవారు ఆ దీవికే పనికి పోతున్నారు. చాలామంది అప్పుచేసి బయలుదేరినవారే. ఒకడికి జబ్బుచేస్తే గదిలోని తోటివారే చందాలు వేసుకుంటారు. ఊళ్ళో అన్న ఉన్నా, అక్కడ తాడు పట్టేది పక్క మంచంవాడే.

ఓడ వరుసను మనం గొప్పగా చెప్పుకుంటాం. ఆ వరుస నిజమైతే జిదాఫ్స్ గదిలోని తెలుగువాడు మనకు పరాయివాడు కాడు. తాడు కదులుతూనే ఉంది. లాగవలసిన చేతులలో మనవీ ఉన్నాయి.