ఆరు పెట్టెలలో ఒక ముష్టియుద్ధము

1894 జూన్ 14వ తేదీన అమెరికాలోని న్యూజెర్సీ రాష్ట్రమున, ఎడిసన్ ప్రయోగశాల ఆవరణలో మైకేల్ లెనార్డ్, జాక్ కుషింగ్ అను ఇద్దరు ముష్టియోధులు తలపడిరి. బరి మామూలు దానికన్న చాల చిన్నది. ఆ పోరాటము జరిగినది కెమేరా కొరకు.

'బ్లాక్ మరియా' అను ఆ చిత్రశాల గోడలకు తారు పూసిన నల్లని కాగితము కప్పిరి. పైకప్పు తెరచుకొనును. సూర్యుని వెంట తిరుగుటకై భవనమంతయు పట్టాలపై నిలిపిరి. ఆనాటి కెమేరా విద్యుత్తుతో నడచెడిది, మిక్కిలి బరువైనది. కనుక విషయమే దాని వద్దకు రావలెను. అందులకు ముష్టియుద్ధము చక్కగా సరిపోయినది: ఇద్దరు మనుష్యులు, కొద్దిపాటి చోటు, ఎడతెగని చలనము.

చిక్కంతయు ఫిలిము పొడవుతోనే వచ్చినది. కినెటోస్కోపు అనునది ఒక్కరు మాత్రమే కన్ను ఆనించి చూడదగిన పెట్టె. అందులో పట్టు ఫిలిము సుమారు 50 అడుగులు. అడుగునకు 16 బొమ్మలు; సెకనునకు 40 చొప్పున కదలినచో 20 సెకనులలో ఆట ముగియును. అంతలో ఏ పోరాటము తేలును? లాథమ్ సోదరులు, ఎనక్ రెక్టర్ అనువారు పూనుకొనగా 150 అడుగులు పట్టు పెట్టెలు తయారైనవి. ఇదే లెక్కన అది ఒక్క నిమిషము. మామూలుగా మూడు నిమిషములుండు రౌండును నిమిషమునకు కుదించిరి. యుద్ధమునకు తగిన యంత్రము లేనందున, యంత్రమునకు తగినట్లు యుద్ధమునే కత్తిరించిరన్నమాట!

ఆగస్టులో న్యూయార్కు నగరమున ఆరు రౌండ్లను ఆరు పెట్టెలలో పెట్టి చూపిరి. రౌండునకు 10 సెంట్లు.

లాథమ్ సోదరులకు ఇది చాలలేదు. పోరాటమంతయు తెరపై, పదిమందికి ఒకేసారి చూపవలెను. కాని ఫిలిము కటకము వెనుక ఒక్కొక్క బొమ్మ చొప్పున ఆగుచు, కుదుపుతో సాగును. చుట్ట పెద్దదైన కొలది బరువు పెరిగి, ఆ కుదుపునకు ఫిలిము తెగును. నిండు చేదను ఒక్కసారిగా గుంజిన చేంతాడు తెగుట అందరెరిగినదే. దీనికి కనుగొన్న ఉపాయము అతి సులభము. పళ్లచక్రము చుట్టనుండి ఫిలిమును నిలకడగా లాగి, కటకము ముందు కొంత వదులుగా విడుచును. కుదుపు ఆ వదులు మడతకే తగులును, చుట్టకు తగులదు. దీనికి 'లాథమ్ లూపు' అని పేరు వచ్చినను, అందులో డిక్సన్, లోస్ట్ అనువారి పాలు చాల కలదు.

1895 మే 4న మాడిసన్ స్క్వేర్ గార్డెన్ పైకప్పుమీద మరియొక ముష్టియుద్ధమును చిత్రించి, మే 20న తెరపై ప్రజలకు చూపిరి. 1897లో కార్బెట్, ఫిట్జ్‌సిమన్స్‌ల పోరాటమును తీసిన చిత్రము గంటన్నరకు మించినది. తరువాత తెలుగు పల్లెలలో డేరాలు వేసి ఆడిన టూరింగ్ టాకీసు ప్రొజెక్టరులోను ఆ వదులు మడతయే ఉండెడిది. ఆపరేటరు దానిని సరిగా వదలనినాడు బొమ్మ తెరపై ఎగిరిపడెడిది, ఈలలు మ్రోగెడివి.

లెనార్డ్, కుషింగ్‌ల ఆరు రౌండ్లలో నేడు మిగిలినది నిమిషమునకు లోపైన తునక.