యాపిల్, చీజ్ స్కోన్

స్కోన్ అనగానే లండన్ హోటళ్లలో మూడంతస్తుల పళ్లెం, పక్కన జామ్, చిక్కటి మీగడ గుర్తొస్తాయి. ఆ దర్జా అంతా తర్వాత వచ్చింది. పుట్టుకతో అది స్కాట్లండ్ పల్లె రొట్టె. ఓట్స్ పిండో బార్లీ పిండో తడిపి, గుండ్రంగా తట్టి, ఇనప పెనం మీద కాల్చి నాలుగు ముక్కలు చేసేవారు. పొంగడమన్న ఊసే లేదు. 1513లో గేవిన్ డగ్లస్ అనే కవి వర్జిల్ మహాకావ్యాన్ని స్కాట్స్ భాషలోకి తెస్తూ ట్రాయ్ వీరుల భోజనంలో స్కోన్లు వడ్డించాడు. రాతలో దొరికే తొలి ఆధారాల్లో అదొకటి.

ఆ రొట్టెను మెత్తబరిచిన ఘనతలో సగం మందుల కొట్టుదే. బర్మింగ్‌హామ్ కెమిస్టు ఆల్ఫ్రెడ్ బర్డ్ భార్యకు ఈస్ట్ పడేది కాదు. ఆమె కోసం 1843లో ఆయన బేకింగ్ పౌడర్ తయారుచేశాడు. రెండేళ్లకు బ్రిస్టల్‌లో హెన్రీ జోన్స్ పొంగించే సరుకంతా పిండిలోనే కలిపేసి, సెల్ఫ్ రైజింగ్ పిండికి పేటెంట్ తీసుకున్నాడు. మైసూరు బజ్జీ పిండిలో పుల్ల పెరుగు, వంటసోడా కలిసి చేసే పనే ఇక్కడా జరిగేది. పులుపు తగలగానే సోడా కార్బన్ డయాక్సైడ్ వదులుతుంది, పిండి గుల్లబారుతుంది. ఇక రాత్రంతా పులియబెట్టే పని లేదు.

ఇక స్కోన్‌లో పడే యాపిల్ సంగతి. ఇంగ్లండ్‌లో వంటకు వాడే పుల్ల యాపిల్ బ్రామ్లీ. నాటింగ్‌హామ్‌షైర్‌లోని సౌత్‌వెల్‌లో 1809లో మేరీ ఆన్ బ్రెయిల్స్‌ఫర్డ్ అనే అమ్మాయి నాటిన గింజల్లోంచి వచ్చింది ఆ చెట్టు. తర్వాత ఆ ఇల్లు కొన్న మాంసం వ్యాపారి మాథ్యూ బ్రామ్లీ, అంటుకట్టడానికి కొమ్మలు అడిగిన నర్సరీవాళ్లకు తన పేరే పెట్టాలని షరతు విధించాడు. గింజ వేసిన పిల్లకు మాత్రం ఏమీ దక్కలేదు.

చెడార్ చీజ్ సోమర్సెట్ గ్రామం పేరు మోస్తుంది. ‘యాపిల్ పై’ వంటకం పక్కన చీజ్ ముక్క పెట్టడం యార్క్‌షైర్‌లో పాత అలవాటు. ఆ జోడీ స్కోన్‌లోకి రావడం వింతేమీ కాదు. రెండో ప్రపంచ యుద్ధంలో అయితే మనిషికి వారానికి దక్కే చీజ్ చాలాకాలం 2 ఔన్సులే, 60 గ్రాములు కూడా కాదు. 1954 దాకా రేషన్ ఎత్తేయలేదు. ఈనాటి ఒక్క వాయికి పడే 100 గ్రాములు చూస్తే ఆనాటి ఇల్లాలు గుండెలు బాదుకునేది.

225 గ్రాముల సెల్ఫ్ రైజింగ్ పిండిలో 50 గ్రాముల చల్లటి వెన్నను వేళ్లతో నలిపి, తురిమిన చీజ్, ఒక యాపిల్ కలిపి, ముద్ద కట్టేలా పాలు చిలకరిస్తారు. యాపిల్ తురిమితే నీళ్లూరుతుంది, గట్టిగా పిండాలి. చపాతీ పిండిలా మర్దించకూడదు, సాగిపోతుంది. అచ్చు నొక్కి తిప్పినా అంచులు మూసుకుపోయి స్కోన్ ఒరిగిపోతుంది. 220 డిగ్రీల్లో పావుగంట చాలు. చీజ్ పడ్డ స్కోన్‌కు జామ్ అక్కర్లేదు. వేడిమీదే చేత్తో విప్పి వెన్న రాసుకోవాలి, మర్నాటికి గట్టిపడిపోతుంది.