కాషాయం, విల్లు, సినిమాస్కోప్

2023 మార్చిలో నాటు నాటుకి ఆస్కార్ వచ్చిన మర్నాడు మా టీమ్‌లో ఓ ఉత్తరాది కొలీగ్ అడిగాడు, ఆ సస్పెండర్లు వేసుకుని డాన్స్ చేసేది మీ ఊరి వీరుడేనా అని. మాది గొలుగొండ. అల్లూరి సమాధి మా మండలంలోనే, కృష్ణదేవిపేటలో. అవునన్నాను గానీ, కీవ్‌లో ఆ ప్యాలెస్ ముందు ఎగిరే రామ్ నాకెక్కడా అల్లూరిలా అనిపించలేదు. చివర్లో కాషాయం కట్టి విల్లు పట్టాకే మా హాల్లో ఈలలు పడ్డాయి.

ఆ గుర్తుపట్టడం 1974 మే 1న విడుదలైన 'అల్లూరి సీతారామరాజు' పెట్టిన భిక్ష. కృష్ణకి నూరో సినిమా, తెలుగులో మొదటి సినిమాస్కోప్. మన భాషలో చెప్పాలంటే జిప్ ఫైల్ లాంటిది. కెమెరా ముందు అనమార్ఫిక్ లెన్స్ వెడల్పుని నొక్కి 35 ఎం.ఎం. ఫిల్మ్‌లో ఇరికిస్తుంది, హాల్లో ప్రొజెక్టర్ లెన్స్ మళ్ళీ విప్పుతుంది. అందువల్లే వి.ఎస్.ఆర్. స్వామి కెమెరాకి కొండలూ, జనమూ ఒకే ఫ్రేములో పట్టాయి. దర్శకుడు వి. రామచంద్రరావు మధ్యలోనే చనిపోతే మిగతాది కృష్ణే పూర్తి చేశాడు. పాటకి శ్రీశ్రీకి జాతీయ అవార్డు వచ్చింది.

చిన్నప్పుడు ఆగస్టు 15కి నాకూ కాషాయం చుట్టి, గెడ్డం అంటించి, వెదురు విల్లు ఇచ్చారు. మా తాత దగ్గరుండి సరిచేశాడు. ఆయనకి రిఫరెన్సు ఆ సినిమానే! 'సర్దార్ పాపారాయుడు' (1980), 'మేజర్ చంద్రకాంత్' (1993) పాటల్లో ఎన్టీఆర్ వేసిందీ ఇంచుమించు అదే వేషం. ఆ డ్రస్సు కనిపిస్తే ఇక పేరు చెప్పక్కర్లేదు.

నా బాధల్లా ఏంటంటే, పాట నుంచి పాటకి వేషం ఒక్కటే కాపీ అవుతోంది. పోడు మీద అడవి చట్టం ఆంక్షలు, నర్సీపట్నం-చింతపల్లి రోడ్డు పనిలో కూలి ఎగ్గొట్టడం, 1922 ఆగస్టు 22న చింతపల్లి స్టేషన్, మర్నాడు కృష్ణదేవిపేట స్టేషన్ మీద దాడి... ఇవేవీ రావు. ఆర్ఆర్ఆర్‌లో అల్లూరి పక్కన భీం ఉన్నాడు, కల్పన కాబట్టి సరే. నిజంగా పక్కన నిలబడ్డ గాం గంటం దొర, మల్లు దొరలకి మాత్రం జనం గుర్తుపట్టే వేషమే లేదు.

అన్నట్టు, ఆర్ఆర్ఆర్ వచ్చిన పది రోజులకే, 2022 ఏప్రిల్ 4న, జిల్లాలు విడగొట్టారు. ఆయన పేరు పాడేరు జిల్లాకి వెళ్ళింది, సమాధి మాత్రం అనకాపల్లి జిల్లాలో ఉండిపోయింది.

ఆ కొలీగ్ సంక్రాంతికి మా ఊరొస్తానన్నాడు. సమాధి చూపించి, చింతపల్లి ఘాట్ ఎక్కిస్తాను. రాత్రికి కృష్ణ సినిమా, లాప్‌టాప్‌లో కాదు, ప్రొజెక్టర్ తెచ్చి గోడ మీద.