పెద్దవాళ్లకు బీపీ మిషన్ కొంటున్నారా? ముందు టేపుతో చెయ్యి కొలవండి

సుగ్గికి బయల్దేరే ముందు చాలా ఇళ్లలో ఈ ఆలోచన వస్తుంది. కోసిగి, కౌతాళం, పెద్దకడబూరు వైపు ఊళ్ల నుంచి కుటుంబాలు పత్తి తీతకు, మిర్చి కోతకు గుంటూరు ప్రాంతానికి వెళ్తే ఇంటి దగ్గర మిగిలేది ముసలివాళ్లు, పిల్లలే. బీపీ మాత్రలు వేసుకునే అమ్మకో నాన్నకో ఒక మిషన్ కొనిచ్చి వెళ్దామని ఆదోనిలోనో ఎమ్మిగనూరులోనో మందుల షాపుకు వెళ్తారు. అక్కడ వెయ్యి చిల్లర నుంచి మూడు వేల పైదాకా రకరకాల డబ్బాలు ముందు పెడతారు. ఏది తీసుకోవాలి?

తప్పు అంకె చూపించే మిషన్ కంటే మిషన్ లేకపోవడమే నయం. ఉన్నదానికంటే ఎక్కువ చూపిస్తే అవసరం లేకపోయినా మాత్రల డోసు పెరుగుతుంది. అప్పుడు రాత్రిపూట లేచినప్పుడు కళ్లు తిరిగి పడిపోతే, ఆ వయసులో తుంటి ఎముక విరిగిందంటే మళ్లీ నడవడం కష్టమే. తక్కువ చూపిస్తే అంతా బాగుందనుకుంటూ ఉండగానే పక్షవాతం రావొచ్చు.

కాబట్టి డబ్బు పెట్టే ముందు ఒకటి ఆలోచించండి. మీ ఊళ్లోని విలేజ్ హెల్త్ క్లినిక్‌లో బీపీ ఉచితంగానే చూస్తారు. కొన్నిచోట్ల బోర్డు మీద ఆయుష్మాన్ ఆరోగ్య మందిర్ అని ఉంటుంది. రాష్ట్రంలో 2023 ఏప్రిల్ 6న మొదలైన ఫ్యామిలీ డాక్టర్ విధానం కింద 104 వాహనంలో డాక్టర్ ఊరికే వచ్చి చూసే ఏర్పాటు కూడా చేశారు. బీపీ అదుపులో ఉండి, నడిచి క్లినిక్‌కు వెళ్లగలిగిన పెద్దవాళ్లకు ఇది సరిపోవచ్చు. డాక్టర్ ఈమధ్యే మందు మార్చినా, అంకెలు ఎక్కువ తక్కువ అవుతున్నా, ఆసుపత్రిలో తెల్లకోటు చూడగానే బీపీ పెరిగే అలవాటున్నా ఇంట్లో మిషన్ ఉపయోగపడుతుంది. ఎన్టీఆర్ వైద్య సేవ ఆసుపత్రి చికిత్స కోసం పెట్టిన పథకం. ఇంటికి కొనే మిషన్ దాని కిందకు రాదు, ఖర్చు మీదే.

మణికట్టు మిషన్ వద్దు

షాపులో చిన్నగా, ముచ్చటగా కనిపించేది మణికట్టుకు కట్టే మిషన్. చొక్కా చెయ్యి మడవాల్సిన పని లేదు కాబట్టి అమ్మడమూ సులువే. కానీ ఆ మణికట్టును సరిగ్గా గుండె ఎత్తులో పట్టుకుని ఉంచకపోతే అంకె మారిపోతుంది. చేతులు వణికే వయసులో అది జరిగే పని కాదు. స్మార్ట్ వాచీ చూపించే బీపీని నమ్మి మందు మార్చకూడదు. డయల్ ఉండే మిషన్‌కు స్టెతస్కోప్ పెట్టి వినడం తెలిసినవాళ్లు కావాలి. ఇంటికి పనికొచ్చేది మోచేతికి పైన, దండచేతికి కట్టే ఆటోమేటిక్ మిషన్ ఒక్కటే.

పట్టీ సరిపోకపోతే అంతా వృథా

షాపులో ఎక్కువమంది అడగనిది, అన్నిటికంటే ముఖ్యమైనది పట్టీ సైజు. షాపువాళ్లు దీన్నే కఫ్ అంటారు. సన్నటి చేతికి పెద్ద పట్టీ కడితే బీపీ తక్కువ చూపిస్తుంది. లావు చేతికి చిన్న పట్టీ కడితే ఎక్కువ చూపిస్తుంది. ఆ తేడా ఒకటి రెండు అంకెలతో ఆగదు. సైజు మరీ తప్పితే 20 దాకా పోవచ్చు, అంటే 130 ఉన్న మనిషికి 150 కనిపిస్తుంది.

ఎమ్మిగనూరు మగ్గాల ఊరు, ఇంట్లోనో పక్కింట్లోనో కొలిచే టేపు దొరక్కపోదు. భుజం ఎముక చివర నుంచి మోచేతి దాకా ఉన్న దూరంలో సరిగ్గా మధ్యన టేపు చుట్టి, ఎన్ని సెంటీమీటర్లు ఉందో కాగితం మీద రాసుకుని షాపుకు వెళ్లండి. చాలా మిషన్లతో వచ్చే పట్టీ 22 నుంచి 32 సెంటీమీటర్ల చేతికి సరిపోతుంది. కొన్నింటితో 22 నుంచి 42 దాకా సరిపోయేది ఇస్తారు. ఈ కొలత డబ్బా మీద, పట్టీ మీద రాసి ఉంటుంది. వయసుతో కండ తగ్గిపోయి చెయ్యి 22 కంటే సన్నగా ఉంటే చిన్న పట్టీ విడిగా కొనాలి. అదే కంపెనీది, అదే మోడల్‌కు సరిపోయేది అయి ఉండాలి. ఆ మోడల్‌కు చిన్న పట్టీ దొరకదంటే వేరే మోడల్ చూడండి.

ఒంటరిగా ఉండే పెద్దవాళ్లయితే షాపులోనే ఒకసారి వాళ్ల చేతనే కట్టించి చూడండి. కీళ్లనొప్పులున్న చేతులకు మెత్తటి పట్టీ చుట్టుకోవడం కష్టం. గాజులా గుండ్రంగా, గట్టిగా నిలబడే పట్టీ అయితే ఒంటిచేత్తో ఎక్కించుకోవచ్చు.

కంపెనీ పేరు కాదు, మోడల్ నంబరు

ఒమ్రాన్, డాక్టర్ మోర్‌పెన్, బీపీఎల్, రోస్‌మ్యాక్స్... పేర్లు చాలానే ఉన్నాయి. కానీ ఒకే కంపెనీలో ఒక మోడల్‌కు కచ్చితత్వ పరీక్ష జరిగి ఉండొచ్చు, ఇంకోదానికి జరగకపోవచ్చు. ఐఎస్‌ఓ 81060-2 అనేది ఆ పరీక్షకు అంతర్జాతీయ ప్రమాణం. పరీక్ష నెగ్గిన మోడళ్ల జాబితా స్ట్రైడ్ బీపీ అనే సంస్థ వెబ్‌సైట్‌లో ఉచితంగా దొరుకుతుంది. చదువుకునే పిల్లలెవరికైనా చెబితే ఫోన్‌లో రెండు నిమిషాల్లో చూసి పెడతారు. బ్లూటూత్ లాంటి హంగుల కోసం అదనంగా పెట్టే డబ్బు ఈ అవసరానికి దండగ. అంకెలు పెద్దగా కనిపించాలి, నొక్కేందుకు ఒక్క బటన్ ఉండాలి, పాత కొలతలు మెమరీలో నిలవాలి. అంతే చాలు. గుండె లయ తప్పితే గుర్తు చూపించే సౌకర్యం ఉంటే మంచిదే. ఆ గుర్తు పదేపదే కనిపిస్తే, లేదా మిషన్ మాటిమాటికీ ఎర్రర్ చూపిస్తే ఆదోని ఏరియా ఆసుపత్రికో దగ్గర్లోని డాక్టర్ దగ్గరికో వెళ్లి ఈసీజీ తీయించండి. లయ తప్పిన గుండెకు ఈ మిషన్ల అంకె ఒక్కసారి చూస్తే నమ్మకం ఉండదు. మూడుసార్లు చూసి సగటు తీయాలి.

2021 జూలైలో కేంద్రం బీపీ మిషన్లపై వ్యాపారుల లాభానికి 70 శాతం పరిమితి పెట్టింది. ఎమ్మార్పీని ఏడాదిలో 10 శాతానికి మించి పెంచకూడదన్న నిబంధన కూడా ఉంది. బిల్లు లేకుండా కొనకండి. దాని మీద మోడల్ నంబరు రాయించుకోండి. చెడిపోతే షాపే తీసుకుంటుందా, కర్నూలుకో హైదరాబాద్‌కో మీరే పంపాలా అన్నది అప్పుడే అడగండి. ఎమ్మార్పీ కంటే ఎక్కువ తీసుకుంటే వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కు ఫోన్ చేయొచ్చు.

కొన్న వారంలోపు మిషన్‌ను క్లినిక్‌కు తీసుకెళ్లండి. సిబ్బంది ఒకసారి, మీ మిషన్‌తో ఒకసారి, అదే చేతికి మార్చి మార్చి చూడమనండి. 5 అంకెల లోపు తేడా సహజం. ప్రతిసారీ 10 దాటితే వెనక్కి ఇచ్చేయండి.

చూసుకునే పద్ధతి

మగ్గం గుంటలోంచి లేచి వచ్చి వెంటనే కాదు, పొలం నుంచి రాగానే కాదు. ఉదయం మాత్ర వేసుకోకముందు, ఉగ్గాని, టీ కంటే ముందే చూసుకోవాలి. టీ, పొగాకు అయితే అరగంట ఆగాలి. మూత్రానికి వెళ్లొచ్చి, వీపు ఆనించి, పాదాలు నేలకు ఆనేలా కుర్చీలో 5 నిమిషాలు ఊరికే కూర్చోవాలి. రవిక చెయ్యి బిగుతుగా ఉంటే పైకి మడవకండి, ఆ మడతే తాడులా బిగుసుకుంటుంది. వదులు జాకెట్టు వేసుకోవడం నయం. పట్టీ మోచేతి మడతకు రెండు వేళ్ల పైన, బల్ల మీద ఆనించిన చేతికి కట్టాలి. అది నడుస్తున్నంతసేపూ మాట్లాడకూడదు. నిమిషం ఆగి రెండోసారి చూసి, రెండూ రాయాలి.

మొదటిసారి రెండు చేతులకూ చూసి, ఏది ఎక్కువ వస్తే ఇకమీదట ఆ చెయ్యే వాడండి. డాక్టర్ దగ్గరికి వెళ్లే ముందు వారం రోజులు ఉదయం, సాయంత్రం చూసి, తొలిరోజువి వదిలేసి మిగతా వాటి సగటు చూపించండి. ఇంట్లో సగటు 135/85 లేదా అంతకు మించి ఉంటే ఎక్కువ కిందే లెక్క. ఆసుపత్రిలో అయితే ఆ గీత 140/90. బాగా వయసు మళ్లినవాళ్లకు ఎంత ఉండాలన్నది డాక్టరే చెప్పాలి. అంకె బాగుందని మాత్ర మానేయడం మాత్రం వద్దు, అది బాగుండటానికి కారణం ఆ మాత్రే కావొచ్చు. లేవగానే కళ్లు తిరుగుతున్నాయంటే కూర్చున్నప్పుడు ఒకసారి, నిలబడిన మూడు నిమిషాలకు ఒకసారి చూడండి. పై అంకె 20 పడిపోతే డాక్టర్‌కు చెప్పండి.

180/120 దాటితే కంగారు పడకుండా 5 నిమిషాలు ఆగి మళ్లీ చూడండి. అలాగే ఉంటే ఆరోజే డాక్టర్‌ను కలవాలి. దాంతోపాటు ఛాతీనొప్పి, ఆయాసం, మూతి వంకర, మాట తడబాటు, ఒక వైపు చెయ్యి కాలు పట్టు తప్పడం లాంటివి ఏవి కనిపించినా మళ్లీ కొలుస్తూ కూర్చోకండి. 108కి ఫోన్ చేయండి. సుగ్గికి వెళ్లేవాళ్లు ఈ నంబరును, పక్కింటివాళ్ల నంబరును పెద్ద అక్షరాలతో అట్ట మీద రాసి మిషన్ డబ్బాకే అంటించి వెళ్లండి.