ఒడ్డున కూర్చున్నవారు: 'తాటస్థ్య విరోధం' అనే మాట, జగిత్యాల ప్రాంత చరిత్ర

ఆంగ్లంలో 'యాంటీ న్యూట్రలిజం' అనే మాట ఒకటి ఉన్నది. పెద్ద నిఘంటువులలో వెదికితే తప్ప సాధారణంగా ఎదురుపడదు. ఏ పక్షానికీ చెందకుండా నిలబడే వైఖరిని వ్యతిరేకించడం అని దాని అర్థం. తెలుగులో దీనికి స్థిరపడిన పదం లేదు కనుక ఈ వ్యాసంలో 'తాటస్థ్య విరోధం' అని వాడుతున్నాము. మాట అరుదైనదే గాని ఆ వైఖరి దైవసేవకులకు కొత్త కాదు. 'నులివెచ్చని' విశ్వాసిని గద్దించని పాస్టరు మనలో ఎవరు? అయితే ఈ గద్దింపును ఎవరు, ఎవరితో అనవచ్చును? ఈ ప్రశ్నను మన వేదాంత తరగతులలో తగినంతగా అడగలేదని మా అభిప్రాయం. 1978 తరువాత జగిత్యాల, కోరుట్ల, సిరిసిల్ల ప్రాంతాల చరిత్ర ఈ ప్రశ్నను మన ముందు పెట్టుచున్నది.

ముందు మాటల సంగతి చూద్దాము. 'తటము' అంటే గట్టు, ఒడ్డు. తటస్థుడు ఒడ్డున నిలిచినవాడు. ఏరు పారుతున్నది, అందులో ఎవరో మునుగుతున్నారు, ఇతడు గట్టు మీద ఉన్నాడు. ఆంగ్ల పదానికి మూలమైన లాటిను మాటకు 'రెండింటిలో ఏదీ కానిది' అని అర్థం. అది లెక్కవంటి మాట. మన మాటలో ఒక దృశ్యం ఉన్నది. విచిత్రమేమంటే తెలుగులో 'తటస్థించు' అనే క్రియకు సంభవించు, ఎదురుపడు అని అర్థం. ఆపద తటస్థించింది అంటాము. ఒడ్డున ఉన్నవాడిని సూచించే మాటే, మీదికి వచ్చిపడే దానిని కూడా సూచిస్తున్నది. హైదరాబాదు రాజ్యపు ఉర్దూలో తటస్థతకు 'గైర్ జానిబ్‌దారీ' అన్నారు, అంటే ఏ వైపుకూ మొగ్గకపోవడం. పల్లెలో మాత్రం ఈ పెద్ద మాటలేవీ అక్కరలేదు. 'గోడమీది పిల్లి' అంటే చాలును.

మరొక పాత మాట 'ఉదాసీనుడు'. దీనిని మనం పట్టించుకోనివాడు అనే అర్థంలో వాడుతున్నాము. కౌటిల్యుని అర్థశాస్త్రంలో రాజమండలం గురించి చెప్పేచోట ఉదాసీనుడు బలహీనుడు కాడు. జయించగోరే రాజు, అతని శత్రువు, వారి మధ్యనున్న మధ్యముడు, ఈ అందరికంటె బలవంతుడై, దూరంగా ఉండి, కోరినవారికి సాయపడగలవాడు, వారు విడివిడిగా ఉన్నప్పుడు అణచగలవాడు ఉదాసీనుడు. అనగా ఉదాసీనంగా ఉండడానికి శక్తి కావాలి. కౌటిల్యుడు దీనిని నీతిగా చెప్పలేదు, రాజకీయ లెక్కగా చెప్పాడు. అయినను ఈ నిర్వచనాన్ని మనస్సులో ఉంచుకొని ముందుకు పోవాలి.

గ్రీకు చరిత్రలో తాటస్థ్య విరోధాన్ని చట్టంగానే చేశారు. క్రీ.పూ. 6వ శతాబ్దపు ఆరంభంలో ఏథెన్సు శాసనకర్త సోలోను, నగరంలో అంతఃకలహం రేగినప్పుడు ఏ పక్షానా చేరని పౌరుడు పౌరహక్కులు కోల్పోవాలని శాసించాడని అరిస్టాటిలు పేరున ఉన్న గ్రంథం చెబుతున్నది. ఆధునిక కాలంలో 1956 జూన్ 9న అమెరికా విదేశాంగ మంత్రి జాన్ ఫాస్టర్ డల్లెస్ అయోవాలో మాట్లాడుతూ, అరుదైన సందర్భాలలో తప్ప తటస్థత అనైతికమన్నాడు. అలీన విధానం నడుపుతున్న మన దేశంలో ఆ మాట ఎంత చేదుగా వినిపించిందో చెప్పనక్కరలేదు. అలీనత తటస్థత కాదని నెహ్రూ పదేపదే చెప్పవలసి వచ్చింది. ఇక్కడ అగ్రరాజ్యం అప్పుడే స్వాతంత్ర్యం పొందిన పేద దేశాలను ఒడ్డు దిగమంటున్నది. ఎవరి ఏటిలోకి?

ప్రసంగ చరిత్రలో దీనికి మరింత దగ్గరి ఉదాహరణ ఉన్నది. 1642 ఫిబ్రవరిలో, ఇంగ్లండు అంతర్యుద్ధం ముంచుకొస్తున్న వేళ, స్టీఫెన్ మార్షల్ అనే ప్యూరిటను బోధకుడు పార్లమెంటు ఎదుట న్యాయాధిపతులు 5:23 మీద ప్రసంగించాడు. యెహోవా సహాయమునకు రాని మేరోజు శపింపబడిన వచనమది. అదే ప్రసంగాన్ని అతడు ఊరూరా చేశాడు. మూడేండ్లకు, అంటే 1645లో, ఇంగ్లండు నైరుతి జిల్లాలలోని రైతులు రెండు సైన్యాల దోపిడీని భరించలేక దుడ్డుకర్రలు పట్టి ఊళ్ళకు కాపలా కాశారు. వారికి 'క్లబ్‌మెన్' అని పేరు. ఆగస్టులో క్రామ్‌వెల్ సేనలు డోర్సెట్‌లోని హాంబుల్డన్ కొండ మీద వారిని చెదరగొట్టాయి. పశువులను, ధాన్యాన్ని కాపాడుకుందామని కర్రలు పట్టిన ఆ రైతులు మేరోజు వారేనా? మార్షల్ ప్రసంగాన్ని చదివే విద్యార్థి ఈ రైతుల సంగతి కూడా చదవాలి.

ఇప్పుడు మన ప్రాంతానికి వద్దాము. 1977 మార్చిలో అత్యవసర పరిస్థితి ఎత్తివేసిన తరువాత కరీంనగర్ జిల్లా పల్లెలలో రైతుకూలీ సంఘాలు వేగంగా పెరిగాయి. 1978 వేసవిలో విప్లవ విద్యార్థులు 'గ్రామాలకు తరలండి' అంటూ ఊళ్ళకు వెళ్ళారు. అడిగినవి ఆకాశంలోనివి కావు. వెట్టి పోవాలి. పాలేరు జీతం, కూలిరేటు పెరగాలి. దొరలు ఆక్రమించిన బంజరు, ప్రభుత్వ భూములు విడవాలి. పంచాయతీల పేరుతో గుంజిన దండుగలు తిరిగి ఇవ్వాలి. 1976లోనే వెట్టిచాకిరీ నిర్మూలన చట్టం వచ్చినది గాని చట్టానికీ గడీకీ మధ్య దూరం చాలా ఉండెను. 1978 సెప్టెంబరులో వేలాది రైతుకూలీలు జగిత్యాలకు నడిచివచ్చారు. 'జగిత్యాల జైత్రయాత్ర' అని దానికి పేరు. అక్టోబరులో మర్రి చెన్నారెడ్డి ప్రభుత్వం జగిత్యాల, సిరిసిల్ల తాలూకాలను కల్లోలిత ప్రాంతాలుగా ప్రకటించింది. అందుకు వాడినది 1948 నాటి అల్లర్ల అణచివేత చట్టం. ఆ ప్రకటనతో పోలీసులకు కాల్పులు జరపడంలో విశేషాధికారాలు వచ్చాయి.

ఈ పోరాటంలో మా విషయానికి ముఖ్యమైనది సాంఘిక బహిష్కరణ. మాట వినని దొరకు చాకలి బట్టలు ఉతకడు, మంగలి గడ్డం గీయడు, పాలేరు అరక కట్టడు. ఎన్నో తరాలుగా దళితుల మీద వాడిన ఆయుధాన్ని ఈసారి తిప్పి దొర మీద వాడారు. చాలామంది దొరలు ఊరు విడిచి పట్నం చేరారు. ఇందులో ఒక సంగతి గమనించాలి. ఊరిలో కాస్త భూమి, కాస్త చదువు ఉన్నవాడు తలుపు వేసుకొని కూర్చోవచ్చును. చాకలికి ఆ వీలు లేదు. బట్టలు ఉతికితే ఒక పక్షం, ఉతకకపోతే మరొక పక్షం. అతనికి ఒడ్డు లేనే లేదు. కౌటిల్యుడు చెప్పిన ఉదాసీనునికి ఇతడు సరిగ్గా ఎదురుకొస.

1980 ఏప్రిల్ 22న పీపుల్స్‌వార్ ఏర్పడింది. తరువాతి పాతికేండ్లలో జగిత్యాల నుండి కోరుట్ల మీదుగా మెట్‌పల్లి పోయే దారిలోని ఊళ్ళకు, సిరిసిల్ల మానేరు పరిసరాలకు వేరొక రకం జీవితం అలవాటయింది. రాత్రి దళం వచ్చి అన్నం అడుగుతుంది. తెల్లవారి పోలీసులు వచ్చి ఎందుకు పెట్టావంటారు. 'ఇన్ఫార్మర్', 'కొరియర్', 'లొంగుబాటు', 'ఎన్‌కౌంటర్' అనే మాటలు చదువురాని ముసలమ్మ నోట కూడా పలికాయి. పాతకాలంలో చేతికాగితానికి పేరుపొందిన కోరుట్లలో గాని, మరమగ్గాల సిరిసిల్లలో గాని, బీడీలు చుట్టుకొని బ్రతికే స్త్రీ ఏ పక్షమని చెప్పాలి? 'మాతో లేనివాడు మా శత్రువు' అని ఇద్దరూ అన్నారు. తాటస్థ్య విరోధం ఇక్కడ పీడితుని పక్షాన పలికిన మాటగా మొదలై, తుపాకీ ఉన్న ప్రతివాడూ పేదవాని గడపలో పలికే మాటగా మారింది.

సంఘ చరిత్రకారులు ఆగవలసిన చోటు ఇదే. దక్షిణ ఇండియా సంఘపు కరీంనగర్ డయాసిస్ ఏర్పడినది 1978లోనే. వెస్లియన్ మిషను సేవవల్ల 19వ శతాబ్దం చివరి నుండి ఈ జిల్లాలో ప్రభువును నమ్ముకొన్నవారిలో అధికులు మాల, మాదిగ కుటుంబాలవారు. వెట్టి చేసినది, పాలేరుగా ఉన్నది కూడా ఎక్కువగా ఆ కుటుంబాలే. అయినా డయాసిస్ స్థాపన ఒక పుస్తకంలో, జైత్రయాత్ర మరొక పుస్తకంలో ఉంటాయి. ఈ రెండూ ఒకే పుటలో కనబడితే ఏమవుతుందో మన విద్యార్థులు ఆలోచించాలి.

ఆ పుటకు శీర్షిక 'సంఘం' అనే మాటే కావచ్చును. మన తెలుగు బైబిలులో విశ్వాసుల సమాజానికి వాడినది 'సంఘము'. 1940లలో ఆంధ్ర మహాసభను తెలంగాణ పల్లెలు 'సంగం' అని పిలిచాయి. 1978లో రైతుకూలీ సంఘం కూడా ఊరి నోట 'సంగమే'. 'నువ్వు సంగంలో ఉన్నవా?' అని మాలవాడలో ఒకరు అడిగితే, ఆ ప్రశ్న ఆదివారపు ఆరాధన గురించా, కూలిరేటు గురించా? ఎవరు అడుగుతున్నారో, ఎప్పుడు అడుగుతున్నారో చూచి జవాబు చెప్పవలసినదే. ఇది మాటల సరదా కాదు. ఒకే మాట కింద ఒకే మనిషి రెండు సభ్యత్వాలు మోసినప్పుడు, అతని కాపరికి 'మేము రాజకీయాలకు దూరం' అనే జవాబు చాలదు.

కాని మేరోజు శాపం అతనికి చాలునా? దెబోరా పాటను మరల చదవండి. యాబీనుకు తొమ్మిది వందల ఇనుప రథాలున్నవి. రాజమార్గాలు ఎడారులైనవి. ఇరువది ఏండ్లు బాధింపబడిన జనం లేచినప్పుడు రానివారెవరు? గొఱ్ఱెల దొడ్ల మధ్య ఉండి ఆలోచనలతోనే కాలం గడిపిన రూబేనీయులు. యొర్దాను అవతల నిలిచిన గిలాదువారు. ఓడల దగ్గర ఉన్న దానీయులు. సముద్రతీరాన, రేవుల దగ్గర కూర్చున్న ఆషేరీయులు. 'తటస్థుడు' అనే పదానికి ఇంతకంటె అక్షరార్థమైన ఉదాహరణ లేదు. వీరందరికీ మందలు, ఓడలు, రేవులు ఉన్నవి. రాకపోవడానికి కారణం దారి లేకపోవడం కాదు, పోగొట్టుకొనేది ఉండడం. రథాల కింద పడి ఉన్న పల్లెలను దెబోరా తటస్థులని నిందించలేదు.

క్రొత్త నిబంధనలోనూ మేము ఇదే చూస్తున్నాము. నులివెచ్చని స్థితి గురించి గద్దింపు పొందినది తనకేమీ కొదువ లేదనుకొన్న ధనిక లవొదికయ సంఘం. క్రీ.శ. 60 భూకంపం తరువాత రోమా సాయం లేకుండానే ఆ పట్టణం తిరిగి కట్టుకొన్నదని టాసిటస్ వ్రాశాడు. ఎస్తేరును మౌనం విడువుమని మొర్దెకై చెప్పినది ఆమె రాజనగరులో ఉన్నందుననే. తనతో లేనివాడు తనకు విరోధి అని ప్రభువు చెప్పినది (మత్తయి 12:30) బయెల్జెబూలు అని నిందించిన పరిసయ్యులు ఎదుట ఉన్నప్పుడు. విరోధి కానివాడు మన పక్షమే అని చెప్పినది (మార్కు 9:40) పరవానిని ఆటంకపరచబోయిన శిష్యులతో. లూకా ఈ రెండింటినీ తన సువార్తలోనే ఉంచాడు (9:50, 11:23). వీటిని పరస్పర విరుద్ధాలని కొట్టివేసేవారు, వినేవారెవరో చూడలేదు. తీర్పు తీర్చే స్థానంలో ఉన్నవానికి కఠినమైన మాట, గుంపులో లేనివానికి విశాలమైన మాట.

దక్షిణాఫ్రికాలో 1985లో వెలువడిన కైరోస్ పత్రం సంఘపు తటస్థతను తప్పుపట్టింది. మన క్రైస్తవ విద్యాసంస్థలలో దానిని ఎంతో ఉత్సాహంగా బోధిస్తారు. అందులోని గద్దింపు సంఘానికి, దాని నాయకత్వానికి ఉద్దేశించినది. ఆ సంగతి మరచి, గ్రామ పాస్టరునూ కూలీనీ ఒకే గాటన కట్టి మందలించడానికి దానిని వాడితే మార్షల్ చేసిన పొరపాటే చేసినవారమౌతాము.

మన రాష్ట్రంలోనే మూడవ దారి ఒకటి కనబడినది. 1997లో ఎస్.ఆర్. శంకరన్ నాయకత్వాన 'కన్సర్న్‌డ్ సిటిజన్స్ కమిటీ' ఏర్పడింది. వెట్టి నిర్మూలనకు పాటుపడిన ఐ.ఎ.ఎస్. అధికారి ఆయన. 1987లో నక్సలైట్లు ఆయనను అపహరించి, తరువాత విడిచిపెట్టారు. పౌరహక్కుల న్యాయవాది కన్నబిరాన్, పాత్రికేయులు పొత్తూరి వెంకటేశ్వరరావు ఆ కమిటీలో ఉన్నారు. వారు ప్రభుత్వాన్ని అడిగారు, పార్టీని అడిగారు, చంపడం మానమని ఇద్దరికీ చెప్పారు. 2004 అక్టోబరులో హైదరాబాదులో చర్చలు జరిగాయి. 2005 ఆరంభంలోనే అవి తెగిపోయాయి. ఫలితం నిలువలేదు నిజమే. అయితే ఆ కమిటీ తటస్థమైనదా? రెండు తుపాకుల మధ్య ఏ తుపాకీ వైపూ మొగ్గలేదు. ఆ రెండింటి మధ్య నలిగేవాని వైపు మాత్రం పూర్తిగా మొగ్గింది. తెలుగులో దీనికి మాట కావాలంటే 'తాటస్థ్య విరోధం' అనే మా సమాసం కంటె 'ఒడ్డు దిగడం' మేలు. ఒడ్డు దిగినవాడు ఎవరి పడవా ఎక్కనక్కరలేదు.

1978లో ఇరువది ఏండ్లున్న కూలీలకు ఇప్పుడు డెబ్బై ఏండ్లకు దగ్గర. జగిత్యాల, రాజన్న సిరిసిల్ల 2016 నుండి వేరు వేరు జిల్లాలు. కోరుట్ల జగిత్యాల జిల్లాలో ఉన్నది. బి.డి. పరిశోధనా వ్యాసానికి అంశం వెదుకుతున్న విద్యార్థులు ఈ మూడు చోట్ల పాస్టరేట్లకు పోయి, బాప్తిస్మపు రిజిస్టర్లు తెరచి, ఆ పేర్లవారిని కలిసి, ఒక్క ప్రశ్న అడగాలని కోరుచున్నాము: ఆ రోజుల్లో 'సంగం' అంటే మీకు ఏది? జవాబును వారి మాటల్లోనే, వారి యాసలోనే వ్రాసుకోవాలి.