సర్కారు బాకీ పడితే ఎవరికి చెప్పుకోవాలి? గుర్రం కేసు నుంచి గోదావరి కాలువల దాకా

ఈరోజు ఒక ఉత్తరం ముక్కతో మొదలుపెడతాను. మా పెద్దమావయ్యది కోనసీమ. చిన్న కాంట్రాక్టరు. చిన్నదంటే నిజంగా చిన్నదే: ఒక మిక్సర్, పాతిక సెంట్రింగ్ రేకులు, ఓ పాత మోటారుసైకిలు, అంతే. ఒకసారి కాలువ గట్టుకి గోడ కట్టాడు. బిల్లు 6 లక్షలు. పని అయ్యింది, కొలతలు తీశారు, ఎం-బుక్‌లో రాశారు. డబ్బు మాత్రం రాలేదు. అడిగితే ఆఫీసు నుంచి ఒక ఉత్తరం వచ్చింది: "నిధులు విడుదల కాగానే చెల్లించబడును." ఆ ఉత్తరాన్ని మావయ్య బీరువాలో, పొలం దస్తావేజుల మధ్య దాచుకున్నాడు. ఎందుకు దాచాడో తర్వాత చెప్తాను.

ముందు ఒక ప్రశ్న. సర్కారు మీద అసలు దావా వెయ్యొచ్చా? ఇప్పుడు మనకి ఇది మామూలుగా అనిపిస్తుంది గానీ, ఇంగ్లాండులో రాజుని ఆయన కోర్టులోనే నిలబెట్టడం కుదిరేది కాదు. ఇక్కడ కథ వేరేగా ఎందుకు నడిచిందంటే, మనల్ని ముందు ఏలింది రాజు కాదు, ఒక కంపెనీ. వ్యాపారం చేసే కంపెనీ మీద దావా వెయ్యొచ్చు కదా! ధవళేశ్వరం ఆనకట్ట 1847లో మొదలై 1852లో పూర్తయినప్పుడు కూడా మనది కంపెనీ పాలనే. 1858లో పాలన రాణి చేతికి వెళ్లింది. అప్పుడు చేసిన చట్టంలో ఒక మాట పెట్టారు: కంపెనీ మీద ఎలా దావా వెయ్యొచ్చో, ఇక మీదట ప్రభుత్వం మీద కూడా అలాగే వెయ్యొచ్చని.

ఆ మాటని పరీక్షకి పెట్టింది ఒక గుర్రం. కలకత్తా కిదర్‌పూర్‌లో ప్రభుత్వ డాక్‌యార్డు కూలీలు ఒక బరువైన ఇనుప ముక్క మోసుకెళ్తూ రోడ్డు మీద వదిలేశారు. ఆ చప్పుడుకి ఓ ఓడల కంపెనీ బండి గుర్రం బెదిరి, దెబ్బతింది. కంపెనీ అడిగిన నష్టపరిహారం 350 రూపాయలు. 1861లో కోర్టు ఏం చెప్పిందంటే, ప్రైవేటు వాళ్లు కూడా చేయగలిగిన పనిని సర్కారు చేసినప్పుడు, ప్రైవేటు వాళ్లలాగే బాధ్యత పడాలి అని. నవ్వొస్తుంది గానీ, మన రాజ్యాంగంలో 300వ అధికరణం కింద ప్రభుత్వం మీద దావాల గురించి మాట్లాడాలంటే ఇప్పటికీ లాయర్లు ఆ గుర్రం దగ్గరికే వెళ్తారు.

సరే, దావా వెయ్యొచ్చు. కానీ సర్కారు దగ్గర ఇంకో డాలు ఉంది: సంతకం. ప్రభుత్వంతో ఒప్పందమంటే గవర్నరు పేరు మీద, అధికారం ఉన్నవాళ్లు సంతకం చేసిన కాగితం ఉండాలి. 1935 చట్టంలో ఉన్న ఈ నియమమే ఇప్పుడు 299వ అధికరణం. 1944లో, కరువు రోజుల్లో, బెంగాల్ సివిల్ సప్లయిస్ వాళ్లు బి.కె. మండల్ అనే సంస్థ చేత గోదాములు, ఇంకొన్ని పనులు చేయించుకున్నారు. వాటిని వాడుకున్నారు. 19 వేల చిల్లర రూపాయల బిల్లు అడిగేసరికి, "సరైన ఒప్పందం లేదుగా" అన్నారు. కేసు సుప్రీంకోర్టులో తేలింది 1961 డిసెంబరులో. కాంట్రాక్టరే గెలిచాడు. ఊరికే ఇచ్చే ఉద్దేశం లేకుండా ఒకడు పని చేసిపెడితే, దాన్ని తీసుకుని అనుభవించినవాడు పరిహారం ఇవ్వాల్సిందే అని కాంట్రాక్ట్ చట్టం 70వ సెక్షన్ చెబుతుంది. దాని మీద గెలిచాడు.

గెలిచాడు, బాగానే ఉంది. 1944 నుంచి 1961 దాకా ఎన్నేళ్లో లెక్కెయ్యండి. నాకు ఈ తీర్పులో న్యాయసూత్రం కంటే ఆ పదిహేడేళ్లే ఎక్కువ గుర్తుంటాయి.

మన డెల్టాలో ఈ కాలం గోల ఇంకా ఎక్కువ. ఎందుకంటే కాలువ పనులకి దొరికేదే కొద్ది రోజులు. దాళ్వా పూర్తయ్యాక ఏప్రిల్ ప్రాంతంలో కాలువలు కట్టేస్తారు, జూన్‌లో మళ్లీ నీళ్లు వదిలేస్తారు. ఈలోపే పూడిక, గోడలు, లాకుల మరమ్మతులు అన్నీ అయిపోవాలి. ఆఫీసు వాళ్లు సైటు పదిహేను రోజులు ఆలస్యంగా అప్పగించారనుకోండి, పని మళ్లీ ఏడాదికి పోతుంది. ఈలోపు సిమెంటు, ఇనుము ధరలు పెరుగుతాయి. అయితే మన రాష్ట్ర స్టాండర్డ్ స్పెసిఫికేషన్స్‌లో 59వ క్లాజ్ అని ఒకటుంది. ఆలస్యం ఏ కారణంతో జరిగినా నష్టపరిహారం అడగకూడదు, గడువు పెంచమని మాత్రమే అడగొచ్చు. కోర్టులు కూడా ఈ క్లాజ్‌ని సమర్థించాయి. చిన్న అక్షరాల్లో ఉన్నా సంతకం పెట్టావు కదా అని! దీనికి తోడు 1983లో వచ్చిన జీవోతో 50 వేలు దాటిన తగాదాలు ఆర్బిట్రేషన్‌కి వెళ్లకుండా సివిల్ కోర్టుకి మళ్లాయి. అంటే కోర్టు ఫీజు, రెండు నెలల ముందస్తు నోటీసు, వాయిదాలు.

ఇప్పుడు ఉత్తరం సంగతి. చేసిన పనికి డబ్బు అడగడానికి చట్టం ఇచ్చే గడువు సాధారణంగా మూడేళ్లు. మావయ్య "వాళ్లతో గొడవెందుకురా, మళ్లీ పని ఇవ్వరు" అంటూ ఆ గడువు దాటేశాడు. కానీ గడువులోపే బాకీ ఉన్న మాట ఒప్పుకుంటూ సంతకంతో కాగితం ఇస్తే, ఆ తేదీ నుంచి మూడేళ్లు మళ్లీ కొత్తగా మొదలవుతాయి. "చెల్లించబడును" అన్న ఆ ఒక్క లైనే దావాని బతికించింది.

మొత్తం ఏడేళ్లకి డిక్రీ వచ్చింది. అసలు 6 లక్షలు, దావా వేసిన తేదీ నుంచి 6 శాతం వడ్డీ. వడ్డీ కింద లక్షన్నర కూడా రాలేదు. మావయ్య ఆ పనికి 4 లక్షలు బయట అప్పు చేశాడు, నూటికి రెండు రూపాయల వడ్డీకి. నెలకి 8 వేలు. ఏడేళ్లకి 6 లక్షల 72 వేలు. అంటే కేసు గెలిచినవాడు యాభై సెంట్ల కొబ్బరితోట అమ్ముకున్నాడు. అత్తయ్య ఆ తోట వైపు నుంచి ఇప్పటికీ నడవదండి.

అందుకే నా దృష్టిలో అసలు పోరాటం వడ్డీ దగ్గరే. ఒరిస్సా నీటిపారుదల శాఖ కేసులో 1991లో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం దీని మీద స్పష్టంగా మాట్లాడింది. తనకి రావాల్సిన డబ్బు వాడుకోలేకపోయినవాడికి పరిహారం దక్కాలి, ఒప్పందంలో నిషేధం లేకపోతే ఆర్బిట్రేటరు కేసు నడిచిన కాలానికి కూడా వడ్డీ ఇవ్వొచ్చు అంది. ఇక మొన్నటి మాట. 2019లో ప్రభుత్వం మారాక, అంతకుముందు చేసిన ఉపాధి హామీ పనుల బిల్లులు విజిలెన్స్ విచారణ పేరుతో ఆగిపోయాయి. రాష్ట్రమంతా వందల మంది హైకోర్టుకి వెళ్లారు. 2021 అక్టోబరులో కోర్టు ఆ బిల్లుల్ని 12 శాతం వడ్డీతో చెల్లించమంది.

ఆ వార్త ఫోన్లో మావయ్యకి చూపించాను. కళ్లజోడు పెట్టుకుని రెండుసార్లు చదివాడు. "పన్నెండా?" అన్నాడు. కాసేపాగి, "నాకు ఆరేసేరురా" అని ఫోన్ తిరిగిచ్చేశాడు.

ఉంటానండి. మీ ఇంట్లో ఎవరైనా పనులు చేసేవాళ్లుంటే, ఆఫీసు వాళ్లు ఇచ్చిన ప్రతి ఉత్తరాన్నీ తేదీ కనపడేలా ఫోటో తీసి పెట్టమనండి. అసలు కాగితం మాత్రం పారేయకండి.