ఉన్నది ఉన్నట్లు చూచుట

చలనచిత్రమనగానే మనకు స్ఫురించునవి కథయు, పాటలును. అవి లేక సామాన్యుల నిత్యజీవనమునే చూపు చిత్రములను డాక్యుమెంటరీలందురు. ఆ మార్గమున ఆద్యులలో నొకడైన రాబర్టు ఫ్లాహర్టీ వృత్తాంతము పరభాషా ప్రాంతములలో తరతరములుగా స్థిరపడిన మనము తెలిసికొనదగినది.

ఫ్లాహర్టీ 1884లో అమెరికాలో జన్మించెను. ఖనిజములు వెదకుట ఆతని వృత్తి. 1913లో కెనడా ఉత్తరభాగమునకు పోవుచు నొక కెమెరాను కొనిపోయి, అచటి ఇన్యూట్ జనుల జీవనమును చిత్రించెను. 1916లో ఆతని సిగరెట్టు నిప్పు సోకి, ముప్పదివేల అడుగుల ఫిల్ము దగ్ధమయ్యెను. మిగిలిన ప్రతిని చూచుకొనగా, ఒక దృశ్యమునకును మరియొకదానికిని పొత్తు లేదని ఆతనికే తోచెను. ఒక్క మనుష్యుని, ఆతని కుటుంబమును చూపిన చాలునని నిశ్చయించెను.

1920లో తోళ్లవర్తకుల ధనసాయమున హడ్సన్ అఖాతపు తీరము చేరి, సుమారొక సంవత్సరము ఆ జనుల నడుమ నివసించెను. తీసిన ఫిల్మును అచటనే కడిగి వారికే చూపి, వారి తోడ్పాటుతో పని సాగించెను. 1922లో విడుదలయిన ‘నానూక్ ఆఫ్ ది నార్త్’ ఆతనికి లోకఖ్యాతి తెచ్చెను.

అయితే ఆ చిత్రమున దాచబడిన సంగతులును గలవు. నానూక్ అసలు పేరు అల్లకారియల్లక్. తెరపై భార్యగా కనుపించిన స్త్రీ ఆతని భార్య కాదు. తుపాకులెరిగిన ఆ వేటగాండ్రచే పూర్వాచారముగా ఈటెలతో వాల్రస్‌ను వేటాడించెను. అది వారిని సముద్రములోనికి లాగుచుండగా, తుపాకి పేల్చుమని వారు కేకలు వేసిరి. తాను అర్థము కానట్లు నటించి కెమెరా త్రిప్పుచుంటినని ఫ్లాహర్టీయే పిమ్మట వ్రాసికొనెను. నశించుచున్న పూర్వజీవనమును నిలుపవలెననుట ఆతని కోరిక. కోరిక మంచిదే, కాని ఆ జనుల నాటి జీవనము తెరకెక్కలేదు.

గుమాస్తాగిరిలో నేను నేర్చినదొకటి గలదు: వెనుకటి తేదీ వేసిన కాగితము ఎంత చక్కని దస్తూరితోనున్నను సాక్ష్యము కాజాలదు.

తరువాతివారు ఈ లోపమును గుర్తించిరి. తేలికపాటి కెమెరాలు వచ్చిన పిదప, 1960లో రాబర్టు డ్రూ బృందము ‘ప్రైమరీ’ అను చిత్రమున ఎన్నికల అభ్యర్థుల వెంట నడచి, జరిగినది జరిగినట్లు పట్టెను. 1967లో ఫ్రెడరిక్ వైజ్‌మన్ తన తొలి చిత్రమున వ్యాఖ్యానమును, ప్రశ్నోత్తరములను పూర్తిగా విడిచెను. ఏది ఉంచవలెను, ఏది తీయవలెనను నిర్ణయము మాత్రము వారి చేతిలోనే యుండెను.

నేడు మన పిల్లల చేతిఫోనులే కెమెరాలు. వారు మన ఉత్సవములలో పట్టుపంచెలను, ముగ్గులను మాత్రమే చిత్రించిన, మనమును మరియొక నానూక్ వేషము కట్టినవారమగుదుము. వాకిట కూరలమ్మితో తమిళమునో, మరాఠీనో బేరమాడి, మరుక్షణము మనుమని తెలుగున గదమాయించు అవ్వ మన నిజమైన చరిత్ర. ఆమెను సవరింపక, తొందరపెట్టక, ఉన్నది ఉన్నట్లు చూచి నిలుపుడని యువకులకు నా విన్నపము.